వంద ఎంబీపీఎస్ ఉన్నా లింక్ బ్యాటిల్ ఎందుకు కలవట్లేదు? కావలి తమ్ముడికి జవాబు

తమ్ముడూ, ముందు నీ ప్రశ్న ఒకసారి చెప్పుకుందాం, వెనక చదివేవాళ్లకి కూడా అర్థం కావాలి కదా. నువ్వు కావలిలో, మీ బావ ఒంగోల్లో. ఇద్దరి దగ్గరా స్విచ్ (నింటెండో వాళ్ల గేమ్ మెషీన్), ఇద్దరి దగ్గరా దాంట్లో ఆడే పోకెమాన్ స్కార్లెట్ ఆట. నీకు ఇంట్లో వంద ఎంబీపీఎస్ ఫైబర్, మీ బావకి ఫోన్ హాట్‌స్పాట్. లింక్ బ్యాటిల్, అంటే ఇద్దరూ ఒకే కోడ్ కొట్టి ఆన్‌లైన్‌లో పోటీ పడే ఆట, ఆడదామని ఆ కోడ్ కొట్టి కూర్చుంటే కాసేపు తిరిగి తిరిగి 2618-0516 అని ఎర్రర్ పడుతోంది. ప్లాన్ రెండొందలకి పెంచితే కలుస్తుందా అని అడిగావు. పైగా అదే వైఫై మీద మీ చెల్లి ఫోన్లో పోకెమాన్ గో బ్యాటిల్స్ హాయిగా ఆడుతోంది, నాకేంది ఈ ఖర్మ అన్నావు.

పెంచొద్దు. ఆ డబ్బులు దాచుకో.

నేను నెల్లూర్లో ఫైబర్ కనెక్షన్లు వేసే పనిలో పదేళ్లకు పైగా ఉన్నాను, ఈ ఆటల పిచ్చి అంతకు ముందు నుంచే ఉంది. "అన్నా, స్పీడ్ టెస్ట్‌లో వంద వస్తోంది, గేమ్ మాత్రం కలవట్లేదు" అనే ఫోన్ నాకు నెలకి రెండు మూడైనా వస్తుంది. స్పీడ్ టెస్ట్ అనేది మీ ఇంటికి ఎంత లావు పైపు వేశారో చెబుతుంది, అంతే. మీ బావ ఇంటి నుంచి నీ ఇంటికి దారి ఉందా లేదా అన్నది అది చెప్పదు. నీ గొడవ దారి గొడవ.

అసలు ఈ ఆటకి ఎంత స్పీడు కావాలో చూడు. ఆన్‌లైన్ ఆటకి నింటెండో వాళ్లు చెప్పే కనీస లెక్క డౌన్‌లోడ్ 3 ఎంబీపీఎస్, అప్‌లోడ్ 1. నీ వంద దానికన్నా ఎన్నో రెట్లు ఎక్కువ. ఆ 3 కూడా అన్ని రకాల ఆటలకి కలిపి చెప్పిన మాట, లింక్ బ్యాటిల్‌కి అందులో పిసరంత కూడా పట్టదు. ఇది టర్న్‌ల ఆట, ఒక్కో టర్న్‌కి ఇద్దరూ మూవ్ ఎంచుకుంటారు, నువ్వు ఏ మూవ్ నొక్కావు, ఏ పోకెమాన్‌ని మార్చావు అన్న చిన్న కబురు అవతలికి వెళ్తుంది, బొమ్మలన్నీ ఎవరి స్విచ్ వాళ్లకి గీసి చూపిస్తుంది. ర్యాంకు కోసం ఆడే ర్యాంక్డ్ బ్యాటిల్‌లో మూవ్ ఎంచుకోవడానికి నీకు 45 సెకన్లు ఇస్తారు. 45 సెకన్ల టైమ్ ఉన్న ఆటలో పింగ్, అంటే కబురు పోయి జవాబు వచ్చే టైమ్, 40 మిల్లీసెకన్లయితే ఏంటి, 250 అయితే ఏంటి?

మరి ఏది కావాలి అంటావా. మన నెల్లూరు కాలేజీ హాస్టళ్లు గుర్తు తెచ్చుకో, సెల్‌ఫోన్లు రానివ్వని రోజుల్లో మూడొందల మందికి ఆఫీసు రూములో ఒకటే ల్యాండ్‌లైన్. లోపల్నుంచి ఇంటికి ఫోన్ చేసుకోవచ్చు, అవతలివాళ్లు ఎత్తితే ఎంతసేపైనా మాట్లాడుకోవచ్చు. బయటి నుంచి ఎవరైనా చేస్తే మాత్రం వార్డెన్ ఎత్తి "ఎవరు కావాలి, ఏ రూము" అంటాడు, పొంతన లేకపోతే పెట్టేస్తాడు. మీ ఇంట్లో రౌటర్ చేసే పని ఇదే, దీన్నే నాట్ అంటారు. లోపలున్న పది డివైజ్‌లకి బయట ఒకే ఐపీ నంబరు (నెట్‌లో మీ ఇంటి ఫోన్ నంబరు లాంటిది), లోపల్నుంచి పోయినదాని జవాబుని లోపలికి రానిస్తుంది, చెప్పకుండా వచ్చినదాన్ని గుమ్మం దగ్గరే ఆపేస్తుంది.

పోకెమాన్ గోలో మీ చెల్లి కంపెనీ సర్వర్‌కి ఫోన్ చేస్తుంది, అవతల ఆడే మనిషి కూడా అదే సర్వర్‌కి చేస్తాడు, మధ్యలో సర్వర్ ఇద్దరి మాటలూ అందిస్తుంది. ఎవరికీ బయటి నుంచి ఫోన్ రానవసరం లేదు, కాబట్టి వార్డెన్‌తో పనే పడదు. స్విచ్‌లో లింక్ బ్యాటిల్ అట్టా కాదు. కోడ్ కలిపేదాకే సర్వర్ పని, ఆ తర్వాత మీ ఇద్దరి స్విచ్‌లూ నేరుగా మాట్లాడుకోవాలి. నీది ఒక హాస్టల్, మీ బావది ఇంకో హాస్టల్. సర్వర్ ఇద్దరికీ ఒకరి నంబరు ఒకరికిచ్చి "ఇద్దరూ ఒకేసారి చేసుకోండి" అంటుంది, వార్డెన్లు కాస్త మెతకవాళ్లయితే ఇద్దరూ లైన్లో కలుస్తారు. ఇద్దరు వార్డెన్లూ మొండివాళ్లయితే 2618-0516 పడుతుంది. ఆ నంబరుకి అర్థమే అది, నాట్ దాటి అవతలి మెషీన్‌ని చేరలేకపోయాను అని. స్పీడు పెంచడమంటే హాస్టల్‌కి ఇంకో నాలుగు ఫోన్లు వేయించడం, వార్డెన్ మాత్రం అతనే ఉంటాడు.

ఇప్పుడు చేయాల్సింది. స్విచ్‌లో సిస్టమ్ సెట్టింగ్స్, ఇంటర్నెట్, టెస్ట్ కనెక్షన్ నొక్కు. నిమిషంలోపు వస్తుంది. అందులో నాట్ టైప్ అని ఒక్క ఇంగ్లీషు అక్షరం చూపిస్తుంది, స్పీడు అంకెలు చూసి సంబరపడకు, ఆ అక్షరం చూడు. ఏ అయితే నీ వైపు తప్పే లేదు, బీ అయితే చాలామందితో కలుస్తుంది. సీ అయితే అవతలివాళ్లని బట్టి ఒకసారి కలుస్తుంది, ఒకసారి కలవదు. డీ అయితే ఏ అక్షరం ఉన్నవాళ్లతో తప్ప కలవదు. ఎఫ్ వస్తే యూడీపీ అనే రకం ట్రాఫిక్‌నే ఎక్కడో ఆపేస్తున్నారని లెక్క, కాలేజీల్లో, ఆఫీసు వైఫైల్లో ఇది ఎక్కువ. మీ బావని కూడా హాట్‌స్పాట్ మీద ఇదే టెస్ట్ చేయమను. నా అంచనా, ఇద్దరిలో ఒకరికైనా డీ ఉంటుంది.

ఎందుకంటే ఈ రోజుల్లో మొబైల్ డేటా దాదాపు అంతా, చిన్న చిన్న ఫైబర్ కంపెనీల్లో చాలా భాగం సీజీనాట్ మీద నడుస్తున్నాయి. ఐపీవీ4 అనే పాత రకం ఐపీ నంబర్లు ప్రపంచం మొత్తానికి చాలట్లేదు కాబట్టి కంపెనీ వాళ్లు వందల ఇళ్లకి కలిపి ఒకే నంబరు ఇస్తారు. అంటే మీ ఇంట్లో రౌటర్ ఒక వార్డెన్, దాని పైన కంపెనీ ఆఫీసులో ఇంకో పెద్ద వార్డెన్. నువ్వు మీ రౌటర్‌లో ఎన్ని పోర్టులు (బయటివాళ్లు లోపలికి వచ్చే తలుపులు) తెరిచినా పైవాడికి ఆ సంగతే తెలీదు. యూట్యూబ్ చూసి పోర్ట్ ఫార్వార్డింగ్ అని రాత్రంతా తంటాలు పడేవాళ్లలో సగం మంది ఇక్కడే దెబ్బతింటున్నారు. ముందు ఇది తేల్చుకో. రౌటర్ సెట్టింగ్స్ పేజీలోకి వెళ్లి వాన్ ఐపీ అన్న చోట చూడు, రౌటర్‌కి బయటి వైపు ఉండే నంబరు అది. 100.64 నుంచి 100.127 మధ్యలో మొదలైతే అది సీజీనాట్, అనుమానం అక్కర్లేదు, ఆ వరస నంబర్లు దానికోసమే పక్కన పెట్టారు. 10తో మొదలైనా పబ్లిక్ నంబరు, అంటే బయటి నెట్‌కి నేరుగా కనిపించే నీ సొంత నంబరు, కాదు. వేరే ఏదైనా ఉంటే, గూగుల్లో నా ఐపీ ఏంటని అడిగితే వచ్చే నంబరుతో పోల్చు, రెండూ ఒకటైతే నీ అదృష్టం, ఆ కంపెనీని వదులుకోకు.

192.168తో మొదలైతే అది ఇంకో కథ, నువ్వే పెట్టుకున్న తలనొప్పి. నెల కిందట మాగుంట లేఅవుట్‌లో ఒక ఇంటికి వెళ్లాను, వాళ్లబ్బాయి ఇదే ఎర్రర్‌తో వారం నుంచి అన్నం సరిగ్గా తినట్లేదంట. హాల్లో బీరువా పైన మేము పెట్టిన ఫైబర్ డబ్బా, దాంట్లోంచి వైరు తీసి బెడ్‌రూమ్‌లో వాళ్లు ఆరు వేలు పెట్టి కొన్న కొత్త రౌటర్‌కి గుచ్చారు, మూడు యాంటెన్నాలు, నీలం లైట్లు, చూడ్డానికి బ్రహ్మాండం. కొత్తదాంట్లో వాన్ ఐపీ చూస్తే 192.168.1.5 అని ఉంది. డబ్బాలో ఒక నాట్, దాని కింద మళ్లీ ఇంకో నాట్. కొత్త రౌటర్ సెట్టింగ్స్‌లో యాక్సెస్ పాయింట్ మోడ్ అని ఉంటే అది నొక్కి రీస్టార్ట్ చేశాను, దాంతో అది నాట్ మానేసి వైఫై మాత్రమే ఇస్తుంది, పాత డబ్బాలో యూపీఎన్‌పీ (స్విచ్ అడిగితే రౌటర్ తనే దారి తెరిచే సెట్టింగ్) ఆన్ చేశాను, టెస్ట్‌లో డీ ఉన్నది బీ అయింది. పది నిమిషాల పని. వాళ్లమ్మ కాఫీ ఇచ్చి "ఇంక వాడు చదువుతాడా" అని అడిగింది, దానికి నా దగ్గర జవాబు లేదు.

నీకు ఒకటే రౌటర్ ఉండి, వాన్ ఐపీ పబ్లిక్‌దే అయితే యూపీఎన్‌పీ ఆన్ చేయడంతోనే చాలామందికి అయిపోతుంది. అప్పటికీ కాకపోతే స్విచ్‌కి ఒక లోపలి ఐపీ ఖాయం చేసి దానికి డీఎంజెడ్ ఇచ్చేయ్, అంటే బయటి నుంచి వచ్చేదంతా నేరుగా స్విచ్‌కే పంపే సెట్టింగ్. కంప్యూటర్‌కి మాత్రం ఆ పని చేయొద్దు, అది ఇంటి తలుపులన్నీ బార్లా తెరిచినట్టే. డీఎన్ఎస్ మార్చు, 8.8.8.8 పెట్టు అని ప్రతి చోటా ఎవడో ఒకడు రాస్తాడు. డీఎన్ఎస్ అంటే పేరు చెబితే నంబరు వెతికి పెట్టే పుస్తకం, అంతే. నాట్ టైప్‌కీ దానికీ సంబంధం లేదు.

సీజీనాట్ అని తేలితే కంపెనీకి ఫోన్ చేసి పబ్లిక్ ఐపీ గానీ స్టాటిక్ ఐపీ (ఎప్పటికీ మారని నంబరు) గానీ కావాలని అడుగు. కస్టమర్ కేర్‌లో అమ్మాయికి అర్థం కాకపోతే నీ ఏరియా లైన్‌మ్యాన్‌ని పట్టుకో, ఆయనకి తెలుసు. కొన్నిచోట్ల నెలకి కొంత అదనంగా తీసుకుంటారు, కొన్నిచోట్ల అడిగితే ఊరికే మార్చేస్తారు. ఇక్కడ ఒక కిటుకు ఉంది, ఎక్కువమంది గమనించరు: ఇద్దరూ ఖర్చు పెట్టక్కర్లేదు. డీ ఉన్నవాడు ఏ అక్షరం ఉన్నవాడితో కలవగలడు కాబట్టి, ఒక్కరికి ఏ టైప్ వస్తే చాలు. మీ బావది మొబైల్ హాట్‌స్పాట్, దాన్ని ఆయన ఏమీ చేయలేడు. నీది ఫైబర్, నీకు దారి ఉంది. కాబట్టి పబ్లిక్ ఐపీ తీసుకుని ఏ టైప్ తెచ్చుకోవాల్సింది నువ్వు, ఆ డబ్బులో సగం బావ దగ్గర వసూలు చేసుకోవడం నీ తెలివి.

ఇదంతా చేసే ముందు చిన్న చిన్నవి చూసుకున్నావో లేదో. ఆన్‌లైన్‌లో ఆడాలంటే ఇద్దరికీ నింటెండో స్విచ్ ఆన్‌లైన్ మెంబర్‌షిప్ ఉండాలి, ఒకరికి ఉంటే చాలదు. అమెరికా స్టోర్ లెక్కలో ఏడాదికి 19.99 డాలర్లు, ఫ్యామిలీది 34.99, అందులో ఎనిమిది అకౌంట్ల దాకా పెట్టుకోవచ్చు, నలుగురు కలిస్తే అదే చవక. గేమ్ అప్‌డేట్ ఇద్దరిదీ ఒకటే వెర్షన్ అయి ఉండాలి. ఆటలో పోకె పోర్టల్ అనే ఆన్‌లైన్ మెనూలోకి వెళ్లాక ఎల్ బటన్ నొక్కి ఇంటర్నెట్‌కి కలవాలి, ఇది మర్చిపోయి లోకల్ మోడ్‌లోనే అరగంట ఎదురుచూసిన మహానుభావులు నాకు తెలుసు, అందులో ఒకణ్ణి నేనే. కోడ్ ఎనిమిది అంకెలూ తలాతోకా లేకుండా పెట్టుకోండి, 11111111 పెడితే ఏ దేశంవాడో అదే కోడ్ కొట్టి నీకు తగులుకుంటాడు, నువ్వు బావ అనుకుని ఆడతావు.

కలిసి, మ్యాచ్ మధ్యలో తెగిపోవడం అనేది వేరే జబ్బు. అక్కడ నాట్‌ని తిట్టి లాభం లేదు, కనెక్షన్ నిలకడగా లేదని అర్థం. ర్యాంక్డ్‌లో నీ వైపు తెగితే ఓడినట్టే రాస్తారు కాబట్టి ఇది చిన్న విషయం కాదు. స్విచ్ ఓలెడ్ మోడల్ అయితే డాక్‌కే (టీవీకి కలిపే స్టాండ్) నెట్ వైరు గుచ్చే ల్యాన్ సాకెట్ ఉంటుంది, పాత డాక్ అయితే యూఎస్‌బీ ల్యాన్ అడాప్టర్ కొనాలి, వైరు పెట్టుకుంటే వైఫై వంకలన్నీ పోతాయి. అప్పటికీ తెగుతుంటే ఫైబర్ చూడాలి. మైపాడు వైపు ఒక ఇంట్లో సాయంత్రం అయితే చాలు తెగేది, పగలు బాగుండేది. ఫైబర్‌లో వెలుతురు ఎంత వస్తోందో కొలిచే పవర్ మీటర్ పెడితే మైనస్ 28 డీబీఎం వచ్చింది, మైనస్ అంకె పెరిగే కొద్దీ వెలుతురు తగ్గినట్టు. ఇళ్లలో పెట్టే డబ్బా మైనస్ 27 దాకా ఓర్చుకుంటుంది, ఆ తర్వాత నమ్మకం లేదు. చూస్తే కిటికీ సందులోంచి తెచ్చిన వైరు కిటికీ తలుపు కింద నలిగి వంగిపోయి ఉంది, సాయంత్రం ఏసీ వేసుకోవడానికి కిటికీ మూసినప్పుడల్లా ఇంకాస్త నొక్కుకుంటోంది. వైరు దారి మార్చి కొత్త కనెక్టర్ వేస్తే మైనస్ 21కి వచ్చింది. వాళ్లు మాత్రం అప్పటిదాకా గేమ్‌ని, కంపెనీని, వాళ్లబ్బాయి జాతకాన్ని తిట్టుకున్నారు.

మీ చెల్లి గో సంగతి కూడా చెబుతాను, ఆమె హాయిగా ఆడుతోంది అన్నావు గానీ నిజానికి ఇద్దరిలో పింగ్ గురించి భయపడాల్సింది ఆమే. గోలో బ్యాటిల్ ఆగి ఆగి నడవదు, ఒక్కో టర్న్ అర సెకను. ఫాస్ట్ మూవ్‌లు ఒక టర్న్ నుంచి అయిదు టర్న్‌ల దాకా, అంటే అర సెకను నుంచి రెండున్నర సెకన్లు. పింగ్ 50 నుంచి ఉన్నట్టుండి 700కి ఎగిరిందంటే ఒక టర్న్ పోయినట్టే, నొక్కింది పడదు, షీల్డ్ వేసే టైమ్ దాటిపోతుంది. ఇక్కడ కూడా ఎంబీపీఎస్‌లు కాదు, నిలకడ కావాలి. 20 ఎంబీపీఎస్ ఉండి పింగ్ కదలకుండా ఉన్నది, 300 ఉండి ఎగిరెగిరి పడేదానికన్నా వెయ్యి రెట్లు నయం. రొట్టెల పండగప్పుడు స్వర్ణాల చెరువు గట్టు మీద నిలబడి ఒకసారి గో బ్యాటిల్ లీగ్ ఆడదామని చూశాను. సిగ్నల్ గీతలు నిండుగా ఉన్నాయి, ఒక్క మూవ్ కదలట్లేదు. గీతలు టవర్ దగ్గరుందని చెబుతాయి గానీ, ఆ టవర్ మీద లక్షమంది వీడియో కాల్స్ చేస్తున్నారని చెప్పవు కదా. ఇంకోటి, గోలో పక్కపక్కన నిలబడి క్యూఆర్ స్కాన్ చేసి ఆడినా ఇద్దరికీ నెట్ ఉండాల్సిందే.

స్విచ్‌లో ఆ బాధ లేదు, నాకు దానిమీద ప్రేమ అందుకే. లోకల్ కమ్యూనికేషన్‌లో రెండు స్విచ్‌లు వాటంతట అవే మాట్లాడుకుంటాయి, రౌటర్ అక్కర్లేదు, మెంబర్‌షిప్ అక్కర్లేదు, సిమ్ అక్కర్లేదు. పోయిన సంక్రాంతికి పినాకిని రైల్లో విజయవాడ నుంచి వస్తూ నేనూ మా అన్న కొడుకూ ఒంగోలు దాటినప్పటి నుంచి కావలి దాకా ఆడుతూనే ఉన్నాం, ఫోన్లో నెట్ వచ్చిపోతూ ఉంది, మా బ్యాటిల్ మాత్రం ఒక్కసారి కూడా తెగలేదు. ఫ్లైట్ మోడ్ ఆఫ్‌లో ఉందో లేదో చూసుకుంటే చాలు. మీ బావ పండక్కి కావలి వస్తాడు కదా, అప్పుడు నాట్ గోలే లేదు, కరెంటు పోయినా అరుగు మీద కూర్చుని ఆడుకోవచ్చు.

పాతవాళ్లకి ఇది కొత్తేం కాదులే. 1996లో జపాన్‌లో మొదటి పోకెమాన్ ఆటలు వచ్చినప్పుడు గేమ్ బాయ్‌లు (నింటెండో పాత చేతి గేమ్ మెషీన్లు) రెంటికీ మధ్య కేబుల్ గుచ్చాల్సిందే, పక్కన మనిషి ఉండాల్సిందే. సెకనుకి ఒక కిలోబైట్ పోయే వైరు అది. దాని మీద బ్యాటిల్ ఎట్టా నడిచిందంటే, మొదట్లోనే ఒక గేమ్ బాయ్ రెండోదానికి కొన్ని ర్యాండమ్ నంబర్లు పంపించేది, ఆ తర్వాత రెండూ అవే నంబర్లతో ఎవరి లెక్క వాళ్లు వేసుకునేవి, దెబ్బ తగిలిందా తప్పిందా అన్నది రెండు వైపులా ఒకేలా వచ్చేది. వైరు మీద పోయేది ఏ మూవ్ అన్న కబురే. ఇంత తక్కువ డేటాతో ఆడొచ్చని అప్పుడే చేసి చూపించారు, మనం ఇప్పుడు రెండొందల ఎంబీపీఎస్ కావాలా అని అడుగుతున్నాం.

నా వంతు మాత్రం తర్వాత వచ్చిన నింటెండో చేతి మెషీన్ డీఎస్‌తో మొదలైంది. కువైట్ నుంచి మా బాబాయి డీఎస్ లైట్ తెచ్చాడు, లోపల పోకెమాన్ డైమండ్. వైఫైలో ఆడొచ్చని బాక్స్ మీద చూసి ఎగిరి గంతేశాను. తీరా చూస్తే ఆ మెషీన్‌కి డబ్ల్యూఈపీ అనే పాత తాళం తప్ప వేరే పాస్‌వర్డ్ రకం రాదు. ఏం చేశాను, ఇంట్లో ఎవరికీ చెప్పకుండా రౌటర్ తాళం ఆ పాతదానికి మార్చేశాను. అది దొంగకి తాళం చెవి ఇచ్చినట్టేనని అప్పుడు నాకు తెలీదు. రెండు నెలల తర్వాత బిల్లు చూసి మా నాన్న బెల్టు తీశాడు, వెనక వీధిలో ఇంజనీరింగ్ చదివే ఎవరో మా నెట్ మీద సినిమాలన్నీ దించుకున్నారు. ఆ డీఎస్ ఆన్‌లైన్ సర్వీసు కూడా 2014 మే 20న ఆపేశారు, దాని తర్వాతి మెషీన్ 3డీఎస్ ఆన్‌లైన్ 2024 ఏప్రిల్‌లో పోయింది. కాబట్టి పాత మెషీన్ చవగ్గా దొరికిందని ఆన్‌లైన్ బ్యాటిల్స్ కోసం కొనేవాళ్లు ఇది చూసుకుని కొనండి, పక్కపక్కన కూర్చుని ఆడుకోవడానికైతే అవి ఇప్పటికీ పనిచేస్తాయి.

పాల్‌వరల్డ్ అనే వేరే ఆట గురించి నీ ప్రశ్న కింద ఇంకొకరు అడిగారు. ఇన్వైట్ కోడ్‌తో నలుగురు ఆడుకోవచ్చు. 32 మంది కావాలంటే డెడికేటెడ్ సర్వర్, అంటే ఆ ఆట కోసమే నడిచే కంప్యూటర్, పెట్టాలి, దానికి యూడీపీ 8211 పోర్టు బయటికి తెరిచి ఉండాలి, 16 జీబీ ర్యామ్ ఉంటే మంచిది. సీజీనాట్ మీద ఇంట్లో సర్వర్ పెట్టడం కుదరదు, అద్దెకి తీసుకోండి.

నీకు పబ్లిక్ ఐపీ వచ్చేదాకా చేయి దురద ఆగకపోతే మీ బావతో పోకెమాన్ షోడౌన్‌లో ఆడు. బ్రౌజర్‌లో నడుస్తుంది, అంతా మధ్యలో సర్వర్ మీదే కాబట్టి నాట్ అడ్డు రాదు, హాట్‌స్పాట్ మీద కూడా బాగుంటుంది. నువ్వు కష్టపడి పెంచిన పోకెమాన్‌లు అందులో రావు, టీమ్‌ని అందులో మళ్లీ కొత్తగా కట్టుకోవాలి, అది కొంతమందికి నచ్చదు. నాకైతే టీమ్ సరిచూసుకోవడానికి అంతకన్నా మంచిది దొరకలేదు.

ఇప్పుడు నువ్వు ఇద్దరి నాట్ అక్షరాలు, మీ రౌటర్ వాన్ ఐపీలో చుక్కలతో విడగొట్టిన నాలుగు నంబర్లలో మొదటి రెండు ఇక్కడ పెట్టు. మొత్తం ఐపీ పెట్టొద్దు, రెండు చాలు. పగలంతా స్తంభాల మీద ఉంటాను, రాత్రి తొమ్మిది తర్వాత చూస్తాను.